భూమిని కొలిచిన జార్జ్ ఎవరెస్ట్

హైదరాబాదు నగరానికి తూర్పున దిల్‌సుఖ్‌నగర్ నుండి ఎల్.బి.నగర్ వరకు సాగే రహదారి నిత్యం జనసందోహంతో కిటకిటలాడుతుంది. ఆ రహదారి మీదుగా, వరుసగా నిలిచిన స్తంభాలపై మెట్రో రైలు మార్గం సాగిపోతుంది. 2018 సెప్టెంబరు 24న అమీర్‌పేట నుండి ఎల్.బి.నగర్ వరకు ఈ మార్గం ప్రజలకు అందుబాటులోకి వచ్చింది. తలయెత్తి నిదానించి చూచేవారికి అందులో ఒక విశేషం కనిపిస్తుంది. ఒక కాంక్రీటు దూలం ముగిసి మరొక దూలం మొదలయ్యే చోట సన్నని ఎడం ఉంటుంది. కోట్ల రూపాయల వ్యయంతో కట్టిన వంతెనలో ఆ ఖాళీ ఎందుకు మిగిలిందని సందేహం కలగవచ్చు. అది పొరపాటున మిగిలినది కాదు. ఇంజనీర్లు లెక్కకట్టి విడిచిపెట్టిన స్థలం.

హైదరాబాదులో వేసవి మధ్యాహ్నం ఉష్ణోగ్రత 40 డిగ్రీల సెల్సియస్ దాటుతుంది. చలికాలపు రాత్రులలో అది 15 డిగ్రీల దరిదాపులకు పడిపోతుంది. ఎండ నేరుగా తగిలే కాంక్రీటు గాలి కంటే ఎక్కువగా వేడెక్కుతుంది. 30 మీటర్ల పొడవున్న దూలం, ఉష్ణోగ్రతలో 30 డిగ్రీల తేడా వచ్చినప్పుడు సుమారు 9 మిల్లీమీటర్లు పెరుగుతుంది. చల్లబడినప్పుడు అంతే తగ్గుతుంది. ఎడం లేకపోతే దూలాలు ఒకదానినొకటి నెట్టుకొని బీటలువారుతాయి. పదార్థంలోని కణాలు నిరంతరం కంపిస్తూ ఉంటాయి. వేడి పెరిగినకొద్దీ ఆ కంపనం హెచ్చి, కణాల నడుమ దూరం పెరుగుతుంది. అదే వ్యాకోచం. వేడి తగ్గితే కణాలు దగ్గరకు జరుగుతాయి. అదే సంకోచం. ఒక మీటరు పొడవుగల ఇనుప కడ్డీ ఒక్క డిగ్రీ వేడికి ఒక మిల్లీమీటరులో నూరవ వంతు కంటే కొంచెం ఎక్కువగా సాగుతుంది. అదే పొడవుగల ఇత్తడి కడ్డీ అంతకు ఒకటిన్నర రెట్లకు పైగా సాగుతుంది.

కట్టేవాడు ఈ మార్పునకు కొంత చోటు విడిచి ఊరుకోవచ్చు. కొలిచేవానికి ఆ సౌకర్యం లేదు. చేతిలోని కొలబద్దే ఉదయం ఒక పొడవుతోను, మధ్యాహ్నం మరొక పొడవుతోను ఉంటే కొలతకు విలువ ఏముంటుంది? ఈ ప్రశ్నతో దాదాపు జీవితమంతా పెనుగులాడినవాడు జార్జ్ ఎవరెస్ట్. ప్రపంచంలోకెల్లా ఎత్తైన శిఖరానికి పేరుగా ఆయనను ఎరుగనివారు లేరు. అయితే ఆ శిఖరంతో ఆయనకున్న సంబంధం స్వల్పం. ఆయన అసలు కృషి అంతా భూమి ఆకారాన్ని కొలవడంలోనే ఉంది. ఆ కృషికి తొలి పాఠాలను ఆయన నేర్చుకొన్నది హైదరాబాదు రాజ్యంలోనే.

ఎవరెస్ట్ 1790 జూలై 4న బ్రిటన్‌లో జన్మించాడు. సైనిక పాఠశాలలలో గణితం, ఇంజనీరింగు అభ్యసించి, పదహారేండ్ల ప్రాయంలో, 1806లో ఈస్టిండియా కంపెనీ వారి బెంగాల్ ఫిరంగిదళంలో చేరడానికి భారతదేశానికి వచ్చాడు. 1814లో జావా ద్వీపానికి వెళ్లి రెండేండ్లు అక్కడి సర్వే పనిలో గడిపాడు. తిరిగి వచ్చిన తరువాత బెంగాలులో నదీమార్గాలను చక్కదిద్దే పనిని, సంకేతాల ద్వారా వార్తలు పంపే గోపురాల ఏర్పాటును నిర్వహించాడు. చేపట్టిన ప్రతి పనిలోనూ లెక్క తప్పకుండా చూచుకొనే స్వభావం ఆయనది. ఆ గుణమే ఆయనను విలియం లాంబ్టన్ వద్దకు చేర్చింది.

లాంబ్టన్ 1802లో మద్రాసు సమీపంలోని సెయింట్ థామస్ మౌంట్ వద్ద ఒక బృహత్కార్యానికి శ్రీకారం చుట్టాడు. దక్షిణ సముద్రతీరం నుండి ఉత్తరంగా దేశమంతటిపై త్రికోణాల వల పన్ని, దూరాలను నిర్ధారించి, భూమి వంపును తేల్చాలన్నది ఆయన సంకల్పం. త్రిభుజంలో ఒక భుజం పొడవు, రెండు కోణాలు తెలిస్తే తక్కిన భుజాలను లెక్కద్వారా తెలుసుకోవచ్చు. కనుక నేలపై ఒక్క భుజాన్ని మాత్రం కొలిస్తే చాలు. దానినే ఆధారరేఖ అంటారు. ఆపైన కొండ నుండి కొండకు థియోడలైట్ అనే పరికరంతో కోణాలను గుర్తిస్తూ ముందుకు సాగవచ్చు. 1811లో నేటి అనంతపురం జిల్లాలోని గుత్తి సమీపంలోను, 1815లో నాటి నిజాం రాజ్యంలోని బీదరు ప్రాంతంలోను ఆయన ఇటువంటి ఆధారరేఖలను కొలిచాడు. 1818 జనవరి నుండి ఈ కార్యం మహా త్రికోణమితి సర్వే అనే పేరుతో గవర్నర్ జనరల్ అధీనంలోకి వచ్చింది. ఆ ఏడాదే ఎవరెస్ట్ లాంబ్టన్‌కు ముఖ్య సహాయకుడుగా నియమితుడై, సంవత్సరాంతానికి హైదరాబాదు చేరుకొన్నాడు.

లాంబ్టన్ వాడిన కొలసాధనం నూరడుగుల ఉక్కు గొలుసు. దాని కథ విచిత్రమైనది. చైనా చక్రవర్తికి కానుకగా పంపిన వస్తువులలో అదొకటి. చక్రవర్తి ఆదరించకపోవడంతో అది కలకత్తా చేరి, చివరకు లాంబ్టన్ చేతికి వచ్చింది. రెండున్నర అడుగుల పొడవుగల నలుబది కడ్డీలను కీళ్లతో కలిపి దానిని చేశారు. కొలిచేటప్పుడు గొలుసును నేలపై పడవేయరు. దిమ్మెలపై చెక్కపెట్టెలను సమతలంగా అమర్చి, వాటిలో గొలుసును పరచి, బిగువు ఎల్లప్పుడు ఒకే రీతిగా ఉండేలా బరువుతో లాగి ఉంచుతారు. ఎండ తగలకుండా పైన గుడారాలు వేస్తారు. పెట్టెలలో ఉష్ణమాపకాలను ఉంచి, ప్రతి కొలతకూ వేడిని నమోదు చేస్తారు. ఆపైన గొలుసు ఎంత సాగి ఉంటుందో లెక్కకట్టి, ఆ మేరకు కొలతను సవరిస్తారు.

ఇంత శ్రమ ఎందుకో చిన్న లెక్కతో తెలుస్తుంది. నూరడుగుల ఉక్కు గొలుసు ఒక్క డిగ్రీ సెల్సియస్ వేడికి ఒక మిల్లీమీటరులో మూడవ వంతు సాగుతుంది. కంటికి ఆనని మార్పది. కానీ ఏడు మైళ్ల ఆధారరేఖను కొలవడానికి ఆ గొలుసును మూడు వందల డెబ్బై సార్లు వేయాలి. అప్పుడు ఒక్క డిగ్రీ తప్పిదం సుమారు పదమూడు సెంటీమీటర్లవుతుంది. ఉష్ణోగ్రతను గుర్తించడంలో పది డిగ్రీలు పొరబడితే మీటరుకు మించిన తేడా వస్తుంది. ఆ ఒక్క రేఖపైనే తక్కిన త్రికోణాలన్నీ ఆధారపడి ఉంటాయి గనుక తప్పు వాటితోపాటు పెరుగుతూ పోతుంది. కన్యాకుమారి నుండి హిమాలయ పాదాల వరకు రెండు వేల నాలుగు వందల కిలోమీటర్ల దూరానికి అది మూడు వందల మీటర్లకు చేరువవుతుంది. భూమి పూర్తి గోళం కాదు, ధ్రువాల వద్ద కొద్దిగా నొక్కుకొన్న ఆకారం. ఆ నొక్కు ఎంతో తేల్చాలనుకొన్నవారు ఇటువంటి తప్పును సహించలేరు.

గొలుసుకు మరొక లోపం కూడా ఉంది. ఉష్ణమాపకం చూపేది తన చుట్టూ ఉన్న గాలి వేడిని మాత్రమే. లోహం లోపలి వేడి అంతే ఉంటుందన్న నమ్మకం లేదు. ప్రొద్దెక్కేకొద్దీ గాలి ముందు వేడెక్కుతుంది. లోహం ఆలస్యంగా ఆ స్థితికి వస్తుంది. పైగా నలుబది కీళ్లు ఏండ్ల తరబడి అరిగిపోతూ ఉంటాయి. లాంబ్టన్ నిజాయితీని, ఓర్పును ఎవరెస్ట్ ఎన్నడూ శంకించలేదు. ఆయనకు నమ్మకం కుదరనిది గొలుసు మీదనే.

1819లో లాంబ్టన్ తన సహాయకునికి మొదటి స్వతంత్ర బాధ్యతను అప్పగించాడు. హైదరాబాదుకు తూర్పున, కృష్ణా గోదావరుల నడుమ ఉన్న ప్రాంతాన్ని త్రికోణాలతో కప్పడమే ఆ పని. నేడు ఎల్.బి.నగర్ కూడలిని దాటి విజయవాడ వైపు సాగే రహదారి ఆ ప్రాంతం గుండానే పోతుంది. నేటి ప్రయాణికుడు కొన్ని గంటలలో దాటిపోయే ఆ నేల అప్పుడు దారులు సరిగా లేని కొండలతో, దట్టమైన అడవులతో నిండి ఉండేది. కొండ శిఖరాలపై చెట్లు నరికించి, దూరపు కొండపై ఉంచిన జెండాను దుర్భిణిలో గుర్తించి కోణం కొలవాలి. ఎండాకాలంలో వేడిగాలి కదలాడుతూ జెండాను వణికించి చూపుతుంది. అందువల్ల గాలి నిర్మలంగా ఉండే వర్షాకాలంలోనే పని సాగించవలసి వచ్చింది.

ఆ నిర్ణయానికి చెల్లించిన మూల్యం చాలా పెద్దది. వెంట వచ్చిన నిజాం సైనికులు తిరుగుబాటు చేశారు. యువకుడైన ఎవరెస్ట్ కఠిన శిక్షలతో వారిని అణచివేశాడు. అది తీరిన తరువాత అడవియే ఎదురు తిరిగింది. ఎల్లాపురం అడవులలో బృందమంతటికీ మలేరియా వంటి విషజ్వరం సోకింది. ఎవరెస్ట్ సైతం మంచం పట్టాడు. హైదరాబాదు నుండి ఏనుగులను, డోలీలను పంపి అందరినీ మోసుకొని రావలసి వచ్చింది. పలువురు తిరిగి రాలేదు. జెండాలు మోసినవారు, చెట్లు నరికినవారు, బరువులెత్తినవారు ఆ మృతులలో ఉన్నారు. శిఖరానికి ఎవరెస్ట్ పేరు మిగిలింది. వారి పేర్లను చరిత్ర నిలుపుకోలేదు. అటువంటి జ్వరానికి దోమకాటు కారణమని అప్పటికి ఎవరికీ తెలియదు. మలేరియా క్రిమిని దోమ కడుపులో గుర్తించిన రొనాల్డ్ రాస్ పరిశోధన 1897లో, ఇదే హైదరాబాదు పరిసరాలలోని సికింద్రాబాదులో జరగడం చరిత్రలోని ఒక విశేషం.

ఆరోగ్యం చెడిన ఎవరెస్ట్ 1820లో ఆఫ్రికా దక్షిణాగ్రాన గల గుడ్‌హోప్ అగ్రానికి విశ్రాంతి కోసం వెళ్లాడు. అక్కడ కూడా ఊరకుండలేదు. పూర్వం లకాయ్ అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు అదే ప్రాంతంలో కొలిచిన రేఖ భూమి ఆకారానికి పొసగని ఫలితమిచ్చింది. ఆ స్థలాలను పరిశీలించిన ఎవరెస్ట్, సమీపంలోని పర్వతాల ఆకర్షణవల్ల తూకపుగుండు ప్రక్కకు ఒరిగి ఉంటుందని ఊహించాడు. కొలతలో తప్పు దొరికినప్పుడు కొలిచినవానిని నిందించి ఊరుకోక, ప్రకృతిలో దాని కారణాన్ని వెదకడం ఆయనకు అలవాటైంది.

1823 జనవరి 20న లాంబ్టన్ నాగపూరు దారిలోని హింగన్‌ఘాట్ వద్ద మరణించాడు. వయసు డెబ్బై దాపునకు వచ్చినా ఆయన పని మానలేదు. ఆయన బాధ్యతలు ఎవరెస్ట్‌పై పడ్డాయి. మధ్యభారతంలోని సిరోంజ్ వరకు త్రికోణాల వరుసను నడిపించి, 1824-25లో అక్కడ గొలుసుతో ఒక ఆధారరేఖను కొలిచాడు. ఆనాటికి పాతజ్వరం తిరగబెట్టి కాళ్లు చేతులు స్వాధీనంలో లేని స్థితి. పరికరం ముందు కూర్చోవాలన్నా, లేవాలన్నా ఇద్దరు మనుషులు పట్టుకోవలసి వచ్చేది. తన శరీరం ఇక తట్టుకోలేదని గ్రహించి, 1825లో సెలవుపై ఇంగ్లండుకు బయలుదేరాడు.

అక్కడ ఆయన ఐదేండ్లు ఉన్నాడు. ఆరోగ్యం కుదుటపడుతున్న ఆ కాలాన్ని మేలైన పరికరాల అన్వేషణకు వినియోగించాడు. 1829లో ఐర్లండుకు వెళ్లి, అక్కడి సర్వేలో థామస్ కాల్బీ రూపొందించిన కొత్త కొలదండాలను స్వయంగా పరిశీలించాడు. తనను ఇన్నాళ్లుగా వేధించిన ప్రశ్నకు ఒక సమాధానం వాటిలో కనిపించింది. వేడికి లోహం సాగకుండా చేయడం ఎవరి తరమూ కాదు. కానీ ఒక లోహం సాగుదలతో మరొక లోహం సాగుదలను సరిచేయవచ్చు.

ఆ ఏర్పాటు సులభమైనదే అయినా మిక్కిలి తెలివైనది. పదడుగుల ఇనుప దండాన్ని, పదడుగుల ఇత్తడి దండాన్ని ప్రక్కప్రక్కన ఉంచి మధ్యభాగంలో బిగిస్తారు. రెండు కొనలయందు వాటిని చిన్న ఉక్కునాలుకలతో కలుపుతారు. నాలుక రెండు దండాల వద్ద కొంచెం తిరగడానికి వీలుంటుంది. వేడెక్కినప్పుడు ఇనుము మూడు పాళ్లు సాగితే ఇత్తడి సుమారు ఐదు పాళ్లు సాగుతుంది. అందువల్ల నాలుక ఏటవాలుగా ఒరుగుతుంది. నాలుక ఇనుపదండాన్ని దాటి మరికొంత బయటకు ఉంటుంది. ఆ భాగంలో ఒక బిందువు ఉంది. ఇనుమునుండి దాని దూరం మూడు పాళ్లయితే ఇత్తడినుండి దాని దూరం ఐదు పాళ్లు. నాలుక ఎంత ఒరిగినా ఆ బిందువు మాత్రం ఉన్నచోటనే ఉంటుంది. అక్కడ సన్నని చుక్క గుర్తు పెడతారు. దండాలు పెరిగినా తరిగినా, రెండు కొనలలోని చుక్కల నడుమ దూరం పదడుగులుగానే నిలుస్తుంది.

ఎవరెస్ట్ 1830లో ఈ దండాలతోను, కొత్త థియోడలైట్లతోను భారతదేశానికి తిరిగి వచ్చాడు. మహా త్రికోణమితి సర్వే అధ్యక్షతతోపాటు సర్వేయర్ జనరల్ పదవి కూడా ఆయనకు లభించింది. 1831-32 చలికాలంలో కలకత్తా సమీపంలోని బారక్‌పూర్ మార్గంపై దండాలతో మొదటి ఆధారరేఖను కొలిచారు. ఆరు దండాలను వరుసగా అమర్చుతారు. ఒక దండపు చుక్క మరొక దండపు చుక్కకు తాకకుండా, ఆరంగుళాల ఎడం విడిచి, ఆ ఎడాన్ని జంట సూక్ష్మదర్శినులతో నిర్ణయిస్తారు. ఆ విధంగా ఒక్కొక్క అమరికకు అరువదిమూడు అడుగులు వస్తుంది. 1834-35లో డెహ్రాడూన్ లోయలో కొలిచిన ఆధారరేఖ ఏడు మైళ్లకు పైబడినది. అందుకు ఈ అమరికను ఆరు వందలకు పైగా సార్లు, గుడారాల నీడలో, ఒక వెంట్రుకవాసి కూడా కదలకుండా మార్చవలసి వచ్చింది.

ఇంత చేసినా వేడిమి పూర్తిగా లొంగలేదు. ఇనుము, ఇత్తడి ఒకే వేగంతో వేడెక్కవు, ఒకే వేగంతో చల్లారవు. ఉదయపు ఎండ ముదురుతున్నప్పుడు ఒక దండం ముందు సాగి, మరొకటి వెనుకబడుతుంది. ఆ కొద్దిసేపు చుక్క తన స్థానం నుండి రవంత కదులుతుంది. మనదేశపు ఎండలలో ఈ లోపం మరింత స్పష్టంగా బయటపడింది. ఎవరెస్ట్ దీనిని కప్పిపుచ్చలేదు. కొలత ప్రారంభానికి ముందు, మధ్యలో, చివర దండాలను ఒక ప్రమాణదండంతో పోల్చి చూపించి, వచ్చిన తేడాను లెక్కలోకి తీసుకొన్నాడు. దోషం లేని సాధనం లభించనప్పుడు ఆ దోషం పరిమాణాన్ని తెలుసుకొనడమే శాస్త్రజ్ఞుని కర్తవ్యమని ఆయన ఆచరణ చాటింది.

వేడిమి దండాలనే కాక చూపును కూడా వంచుతుంది. నేలకు దగ్గరగా ఉన్న వేడిగాలి, పైనున్న చల్లని గాలి కాంతిని వేర్వేరుగా వక్రీభవనం చెందిస్తాయి. అందువల్ల దూరపు గుర్తులు పగటివేళ ఒకచోట, రాత్రివేళ మరొకచోట ఉన్నట్లు తోస్తాయి. దక్కను అడవులలో పొందిన అనుభవంతో ఎవరెస్ట్ పగటి జెండాలకు బదులు రాత్రి దీపాలను విరివిగా వాడుకలోకి తెచ్చాడు. పగటివేళ అద్దాలతో సూర్యకాంతిని ప్రతిఫలింపజేసే పద్ధతిని అనుసరించాడు. గంగామైదానంలో కొండలు లేవు గనుక ఎత్తైన బురుజులు కట్టించి, వాటిపైనుండి కోణాలు కొలిపించాడు. వానలలో చావుకు గురికాకుండా చలికాలంలోనే పని సాగడానికి ఈ మార్పులు తోడ్పడ్డాయి.

ఈ మహాకార్యంలో భారతీయుల పాత్ర ప్రశంసనీయమైనది. 1831లో సర్వేలో చేరిన బెంగాలీ యువకుడు రాధానాథ్ సిక్‌దార్ గణిత ప్రతిభతో ఎవరెస్ట్ మన్ననకు పాత్రుడయ్యాడు. ఆర్కాటుకు చెందిన సయ్యద్ మీర్ మొహ్సిన్ హుస్సేన్ సున్నితమైన పరికరాలను విప్పి, బాగుచేసి, తిరిగి అమర్చడంలో ఇంగ్లండు నుండి వచ్చిన నిపుణునికి తీసిపోలేదు. ఆ నిపుణుడు వెళ్లిపోయిన తరువాత పరికరాల భారం ఆయనే వహించాడు. ఎవరెస్ట్ ముక్కోపి. తోటి అధికారులతో కలహించేవాడు; క్రిందివారిని కటువుగా మందలించేవాడు. అయినా పనితనం ఎక్కడ కనిపించినా గుర్తించకుండా ఉండలేకపోయేవాడు.

డెహ్రాడూన్ రేఖ పూర్తయిన తరువాత అసలు పరీక్ష మొదలైంది. సిరోంజ్ వద్ద గొలుసుతో తానే కొలిచిన పాత ఆధారరేఖపై ఎవరెస్ట్‌కు నమ్మకం చాలలేదు. తన కొలతే గదా అని విడిచిపెట్టక, 1837-38లో దానిని దండాలతో మళ్లీ కొలిపించాడు. సిరోంజ్ నుండి త్రికోణాల ద్వారా లెక్కించిన డెహ్రాడూన్ రేఖ పొడవును, నేలపై కొలిచిన పొడవుతో సరిపోల్చారు. సుమారు 690 కిలోమీటర్ల దూరం కొండలు, మైదానాలు దాటి వచ్చిన లెక్కకు, కొలతకు తేడా ఏడంగుళాల పైచిలుకు మాత్రమే. 1841లో ఆయన సహాయకుడు ఆండ్రూ వా నిజాం రాజ్యంలోని బీదరు ఆధారరేఖను దండాలతో తిరిగి కొలిచాడు. గురువు లాంబ్టన్ గొలుసు పరచిన ఆ నేలపైనే శిష్యుని దండాలు పరుచుకొన్నాయి. అక్కడ కూడా తేడా కొద్ది అంగుళాలకు మించలేదు.

దీనితో కన్యాకుమారి నుండి హిమాలయ పాదాల వరకు సాగిన మహాచాపం పూర్తయింది. 1843లో ఎవరెస్ట్ పదవీ విరమణ చేసి స్వదేశానికి వెళ్లాడు. 1847లో ఆ కొలతల వివరాలను గ్రంథరూపంలో వెలువరించాడు. 1861లో ఆయనకు సర్ బిరుదు లభించింది. 1866 డిసెంబరు 1న ఇంగ్లండులో మరణించాడు.

హిమాలయాలలోని పదిహేనవ శిఖరం ప్రపంచంలోకెల్లా ఎత్తైనదని తేలింది ఆయన విరమణ తరువాతనే. 1852 ప్రాంతంలో రాధానాథ్ సిక్‌దార్ జరిపిన గణనలు అందుకు తోడ్పడ్డాయి. 1856లో ఆండ్రూ వా 29,002 అడుగుల ఎత్తును ప్రకటిస్తూ, ఆ శిఖరానికి తన పూర్వాధికారి పేరు పెట్టాలని సూచించాడు. ఈ గౌరవానికి ఎవరెస్టే అభ్యంతరం చెప్పాడు. పర్వతాలకు స్థానికుల పేర్లే ఉండాలన్నది ఆయన పాటించిన నియమం. పైగా తన పేరు హిందీలో గాని పారశీకంలో గాని వ్రాయడానికి, స్థానికులు పలకడానికి అనువైనది కాదని ఆయన అభిప్రాయపడ్డాడు. అయినా 1865లో లండనులోని రాయల్ జియోగ్రాఫికల్ సొసైటీ ఆ పేరును స్థిరపరచింది. నిజానికి ఆయన తన ఇంటిపేరును ఈవ్‌రెస్ట్ అని పలికేవాడు. నేడు లోకమంతా పలికే రూపం ఆయన పలికినది కాదు.

ఎవరెస్ట్ తరువాతి కాలంలో కొలబద్దల కథ ముందుకు సాగింది. 1896లో షార్ల్ గియోమ్ అనే శాస్త్రజ్ఞుడు వేడికి అతిస్వల్పంగా మాత్రమే సాగే ఇన్వార్ అనే మిశ్రలోహాన్ని కనుగొన్నాడు. అందుకు ఆయనకు 1920లో నోబెల్ బహుమతి లభించింది. ఇనుము, నికెల్ కలసిన ఆ లోహపు తీగలు, పట్టీలు కాల్బీ దండాల స్థానాన్ని ఆక్రమించాయి. ఇప్పుడు ఉపగ్రహాలే దూరాలను నిర్ణయిస్తున్నాయి. అయినా భూమి ఆకారానికి ఎవరెస్ట్ 1830లో ఇచ్చిన లెక్క ఆధారంగానే భారతదేశపు పటాలు నూరేండ్లకు పైగా తయారయ్యాయి. 2005 నాటి జాతీయ పటవిధానం తరువాతనే అందరికీ అందుబాటులో ఉండే పటాలకు కొత్త ప్రమాణం వచ్చింది.

ఎల్.బి.నగర్ కూడలి నుండి ఉత్తరంగా నాగోలు మీదుగా వెళ్తే ఉప్పల్ వస్తుంది. భారత సర్వేక్షణ సంస్థ శిక్షణాలయం అక్కడ ఉంది. లాంబ్టన్, ఎవరెస్ట్ నడిపిన పనికి వారసులైనవారు అక్కడ తర్ఫీదు పొందుతారు. ఒకనాడు హైదరాబాదు నుండి తూర్పు అడవులకు బయలుదేరి, జ్వరంతో డోలీలో తిరిగి వచ్చిన యువకుని శ్రమకు ఇంతకంటె తగిన జ్ఞాపిక ఆ పరిసరాలలో లేదు.

దిల్‌సుఖ్‌నగర్ వద్ద మెట్రో దూలాల నడుమ ఉన్న ఎడం మధ్యాహ్నానికి కొంచెం మూసుకొని, తెల్లవారేసరికి కొంచెం తెరచుకొంటుంది. దాని క్రింద నడిచేవారు ఆ కదలికను గమనించరు. అంతటి సూక్ష్మమైన కదలికను లెక్కలోకి తీసుకొనడానికే ఎవరెస్ట్ తన ఆరోగ్యాన్ని ధారపోశాడు. పేరు తెలియని ఎందరో కూలీలు, సైనికులు ఆ మార్గంలో ప్రాణాలు విడిచారు. ప్రకృతి నియమాన్ని మార్చడం మానవునికి సాధ్యం కాదు. దానిని ఎరిగి, తన తప్పును తానే కొలుచుకొని, దిద్దుకొనడం సాధ్యమవుతుంది. ఎవరెస్ట్ జీవితం నేర్పే పాఠం ఇదే.